గంట మోగినాక కొసరు

నాకు ఓళిగలు చెయ్యడం రాదు. ఒకప్పుడు బ్రహ్మాండంగా చేసేదాన్నట. మా ఆయన గంగాధరం ఇప్పటికీ ఆ ఓళిగల గురించి లొట్టలు వేసుకుంటూ చెబుతాడు, పోయిన మొదటి పెళ్ళాన్ని తలుచుకున్నట్టు. మల్లెపూలు కట్టడం కూడా రాదు. చంటిబిడ్డను జోకొట్టడం రాదు. ఇవన్నీ నాకు వచ్చేవని సాక్ష్యం చెప్పేవాళ్ళు మదనపల్లెలో వీధికి ఇద్దరున్నారు. వాళ్ళ మాట నమ్మడం తప్ప నేను చేయగలిగింది లేదు. వీటన్నిటికీ బదులుగా నాకు ఎద్దు పళ్ళు చూసి వయసు చెప్పడం వచ్చు. ఎవరింట పెళ్ళికి పోయినా పెళ్ళికొడుకు నవ్వితే చాలు, నా కళ్ళు తిన్నగా అక్కడికే పోతాయి. ఇదంతా ఆ కంపెనీ పుణ్యం.

డెబ్బై ఆరులో మా ఆయన జ్ఞానధార కంపెనీ ఏజెన్సీ తీసుకున్నాడు. రేడియో వచ్చింది, కిరసనాయిలు స్టవ్వు వచ్చింది, వాటి వెనకాలే విద్యాయంత్రమూ వచ్చింది. ఎవరూ పెద్దగా నోరు తెరవలేదు. కంపెనీ హెడ్డాఫీసు మబ్బులకు పైన ఏదో కొండ మీద ఉందనేవాళ్ళు. సరుకు రెక్కల గుర్రం మీద వచ్చేది. ఆ గుర్రం బస్టాండు దగ్గర దిగినప్పుడల్లా జట్కావాళ్ళు గొడవకు దిగేవాళ్ళు, మా బాడుగలు పోతాయని. గుర్రం మాత్రం వాళ్ళ గుర్రాల దాణా తిని, వాళ్ళ మీదే రెక్కలు విదిలించి వెళ్ళిపోయేది.

యంత్రం చూడటానికి కాఫీ గింజలు మరపట్టే మిషన్ లాగా ఉండేది. ఒక పక్క విద్య ఉన్న డబ్బా తగిలించాలి. ఇంకో పక్క రాగిపలక, దాని మీద కొనేవాళ్ళు అరచెయ్యి ఆనించాలి. మధ్యలో పిడి. పిడి కిందికి నొక్కితే డబ్బాలోని విద్య పలకలోంచి మనిషిలోకి పోతుంది. అడిగినంత పోగానే డబ్బా తనంతట తానే మూసుకుని టింగుమని గంట మోగుతుంది. ఇంగ్లీషు, హిందీ, పదో తరగతి లెక్కలు, టైపు లోయరు, కుట్టుపని, హార్మోనియం, సైకిలు, సంతకం, ఇన్ని రకాల డబ్బాలు బిస్కెట్ అంగడిలో లాగా వరసగా ఉండేవి. ప్రభుత్వం కిలోలు తెచ్చి ఎన్నేళ్ళయినా మా వాళ్ళు వచ్చి "పావుసేరు ఇంగ్లీషు ఇయ్యమ్మా" అనే అడిగేవాళ్ళు.

మిగతా ఊళ్ళలో గంట మోగితే చెయ్యి తీసేసి, దండం పెట్టి పోతారట. మా ఊళ్ళో గంట మోగితేనే అసలు బేరం మొదలు. 

మొదటిరోజే వచ్చినవాడు టమాటా మండీలో వేలంపాట పాడే హనుమంతు. పై రాష్ట్రాల లారీవాళ్ళతో మాట్లాడటానికి హిందీ కావాలన్నాడు. ఇచ్చాం. గంట మోగింది. వాడు చెయ్యి తియ్యలేదు.

"గంట మోగిందప్పా, సెయ్యి తియ్యి," అన్నాడు మా ఆయన.

"మోగనీ. కొసరు యాడ?"

"సదువుకు కొసరేందప్పా? ఇదేమన్నా వంకాయలా?"

"వంకాయలకే ఎస్తాండారు, సదువుకు ఎయ్యరా? కొసరు ఎయ్యని అంగడి మదనపల్లెలో యాడన్నా ఉండాదా? అమ్మా, నువ్వన్నా సెప్పు."

మా ఆయనకు కోపం ముక్కు మీదే ఉంటుంది. లేచి వీధిలోకి పోయి బీడీ ముట్టించాడు. వాడు పలక మీద చెయ్యి పెట్టుకుని అట్లాగే కూర్చున్నాడు. వెనకాల జనం పేరుకుపోతున్నారు. కూరగాయలవాడిని నేను అడగకుండా ఉన్నానా ఏనాడైనా? రెండు పచ్చిమిరపకాయలన్నా వేయించుకోకుండా ఇంటికి వచ్చానా? నాకే న్యాయం అనిపించలేదు. పిడి పట్టుకుని ఇంకొక్క చిటికెడు కిందికి నొక్కాను. అరచేతిలో చీమ పాకినట్టయింది. హనుమంతు ముఖం వెలిగిపోయింది. "సల్లగుండమ్మా," అని లేచాడు.

మర్నాడు మండీలో వాడు హిందీలో పాట పాడుతుంటే, వాడి చేతులు వాటంతట అవే అరటినార పట్టుకుని మల్లెపూలు కడుతున్నాయట. పొద్దెక్కేసరికి మూర్తీభవించిన పూలంగడిలాగా తయారయ్యాడు. నాకొక దండ తెచ్చి ఇచ్చి, "కొసరు బాగుండాదమ్మా, హిందీ కంటే ఇదే బాగుండాది" అన్నాడు.

ఇంకేముంది. జయమ్మ చెయ్యి మంచిదని నాకు పేరొచ్చింది. కురబలకోట నుంచి గొర్రెల మునిస్వామి వచ్చి సంతకం కొనుక్కుని, కొసరుగా ఓళిగలు చెయ్యడం పట్టుకుపోయాడు. వాళ్ళావిడ ప్రత్యేకంగా బస్సెక్కి వచ్చి నా కాళ్ళకు మొక్కింది. పుంగనూరు బస్సు కండక్టరు లెక్కలు కొన్నాడు. కొసరుగా జోకొట్టడం దొరికింది. టిక్కెట్టు చించి ఇచ్చి వాడు భుజం మీద రెండుసార్లు తట్టేసరికి జనం నిద్రలోకి జారుకునేవాళ్ళు. పుంగనూరులో దిగాల్సినవాళ్ళు పలమనేరులో లేచి వాణ్ణి తిట్టేవాళ్ళు. ఆ తిట్టేవాళ్ళను కూడా వాడు జోకొట్టేవాడు.

ఇవన్నీ నావి అని నాకేం తెలుసు? డబ్బా అడుగున మిగిలిన గసి ఏదో పోతోందనుకున్నాను. పోయినవి పోతుంటే నొప్పి పుట్టలేదు. రానిది రానట్టే ఉంటుంది, దాని చోటు ఖాళీగా కూడా కనపడదు. ఆ ఉగాదికి మా ఆయన ఓళిగలకని శెనగబేడలు, బెల్లం తెచ్చి పొయ్యి పక్కన పెట్టాడు. నేను వాటిని చూసి, "ఇవేం చేసుకోవాలి?" అన్నాను. కొత్త చీర తేలేదని ఎత్తిపొడుస్తున్నాననుకుని ఆయన పోయి చీర తెచ్చాడు. చీర బాగుందని నేనూ ఊరుకున్నాను.

ఉగాది వెళ్ళాక మా అమ్మ వచ్చింది.

మా అమ్మ ఈశ్వరమ్మ. రామకుప్పం పక్కన పల్లెలో మాకు కాస్త రాగిచేను ఉంది. తన చిన్నప్పుడే జ్వరం తగిలి అమ్మకు మాట పడిపోయింది. చెవులు బాగా వినపడతాయి. నేను ఒళ్ళో పిల్లగా ఉన్నప్పటినుంచి అమ్మా నేనూ కలిసి చేతులతో ఒక భాష కల్పించుకున్నాం. ఊళ్ళో వాళ్ళకు అన్నం, నీళ్ళు, రా, పో అన్నవి తప్ప తెలియవు. మా నాయనకు సగం తెలిసేది, ఆయన పోయాడు. అమ్మ కోపం, అమ్మ ఎగతాళి, అమ్మ చూసిన సినిమా కథ, అన్నీ నాతోనే. ఈ భూమి మీద ఆమె మాట్లాడుకోవడానికి ఉన్నది నేనొక్కదాన్నే.

కుప్పంలో బస్సెక్కి, రెండు బస్సులు మారి, చేతిసంచితో దిగింది. గుమ్మంలోనే సంచి కింద పడేసి మాట్లాడటం మొదలుపెట్టింది. రెండు పిడికిళ్ళు ముందుకు పెట్టింది. చేతులు గుండ్రంగా తిప్పింది. చెవుల దగ్గర అరచేతులు ఊపింది. మళ్ళీ పిడికిళ్ళు, మళ్ళీ గుండ్రాలు. నేను చూస్తూ నిలబడ్డాను. ఎదురుగా చేతులు ఆడుతున్నాయి. నాకు చేతులే కనపడ్డాయి.

"ఏందమ్మా?" అన్నాను.

అమ్మ నవ్వి, ఇంకొంచెం నిదానంగా చేసింది. నేను పరాచికాలు ఆడుతున్నాననుకుంది.

మా ఆయన సాయానికి వచ్చాడు. "మజ్జిగ సిలకాల్నా అత్తా?" కాదంది. "రాగులు ఇసరాల్నా?" కాదు. "ఏనుగులు వచ్చినాయా?" అవునని తలూపింది, కానీ అది కాదని చెయ్యి విదిలించింది. ఏనుగులు ప్రతి ఏడూ వస్తాయి, రాగులు కంకి పట్టగానే చుట్టాల్లాగా దిగుతాయి. అది చెప్పడానికి రెండు బస్సులు మారదు. "ఏనుగు మజ్జిగ తాగిందా?" అన్నాడు మా ఆయన. ఆయనకు బుద్ధి అంతవరకే.

అమ్మ నా ముఖంలోకి చూసింది. చాలాసేపు చూసింది. అప్పుడామెకు అర్థమయింది, నేను ఆడటం లేదని. రెండు చేతులూ తెచ్చి ఒళ్ళో పెట్టుకుంది. మా అమ్మ నోరు మూసుకోవడం నేను చూడటం అదే మొదలు. నాకు ఏడుపు తన్నుకొచ్చింది. ఆమె దగ్గరికి వచ్చి నా కళ్ళు తుడిచింది, పరాయిబిడ్డకు తుడిచినట్టు, కొంచెం మొహమాటంగా.

ఎవరో చేతబడి చేశారని మా ఆయన నిమ్మకాయలు కోశాడు. ఏమీ కాలేదు. ఇంతలో కంపెనీ ఇన్స్పెక్టరు నారాయణస్వామి సరుకు తనిఖీకి దిగాడు. గుర్రాన్ని మా పందిరి గుంజకు కట్టేసి, కోటు విప్పకుండానే డబ్బాలన్నీ తూచాడు. తూచేకొద్దీ ఆయన ముఖం చిన్నబోయింది.

"ఒక్క చుక్క తేడా లేదు," అన్నాడు. "నా సర్వీసులో తేడా లేని బ్రాంచి చూడలేదు. ఎలా చేస్తున్నారు?"

మా ఆయనకు ఛాతీ ఉబ్బింది. "అంతే కాదు సార్, ప్రతి మనిషికీ కొసరు కూడా ఎస్తాండాం."

"కొసరంటే?"

మబ్బుల పైన కొసరు లేదట. విడమరిచి చెప్పాం. హనుమంతు కూడా అక్కడే ఉన్నాడు, చేతిలో పూలు కడుతూ. ఇన్స్పెక్టరు విని, తెల్లబోయి, స్టూలు మీద కూలబడ్డాడు.

"గంట మోగితే డబ్బా మూసుకుంటుందమ్మా. మూసుకున్నాక కూడా పిడి నొక్కితే యంత్రం ఎక్కడినుంచి తీసుకుంటుంది? పిడి పట్టుకున్న మనిషిలోంచి తీసుకుంటుంది! మా ఇంజనీర్లు అన్నీ ఆలోచించారు. పిడుగు పడితే ఏం చెయ్యాలి, కోతి పట్టుకుంటే ఏం చెయ్యాలి, అన్నిటికీ ఏర్పాటు చేశారు. గంట మోగినా చెయ్యి తియ్యని మనుషులు ఉంటారని ఎవరికీ తట్టలేదు."

నేను హనుమంతు చేతుల్లోని దండ చూశాను. శెనగబేడలు గుర్తొచ్చాయి. అమ్మ ఒళ్ళో చేతులు గుర్తొచ్చాయి. 

"పూలూ వద్దు, ఓళిగలూ వద్దు," అన్నాను. "మా అమ్మ మాట నాకు తిరిగి ఇప్పించండి."

"అది కంపెనీ సరుకు కాదు కాబట్టి నేను ఇప్పించలేను. ఎవరికి పోయిందో ఆ మనిషి పిడి పట్టుకోవాలి, మీరు పలక మీద చెయ్యి పెట్టాలి, గంట మోగాక ఆ మనిషి మీకు కొసరు వెయ్యాలి. కానీ ఈ వారం దాటితే యంత్రం ఇక్కడ ఉండదు. పట్టుకుపోతున్నాను. మీ ఊరు దీనికి తట్టుకోదు," అన్నాడు. ఆ దిగులు ఊరి కోసమో యంత్రం కోసమో నాకు తెలియలేదు.

హనుమంతు మండీలో టముకు వేయించాడు. జయమ్మ దగ్గర కొసరు వేయించుకున్నవాళ్ళందరూ వచ్చి ఈశ్వరమ్మకు తమ కొసరు చూపించవలెనని. మా ఇంటి ముందు తిరునాళ్ళ అయింది. ఒకాయన వచ్చి పొడి నేల మీద ఈత కొట్టి చూపించాడు. ఒకామె కోలాటం వేసింది. ఒక లాయరుగారు బల్లిని చూసి కెవ్వుమని అరిచి, "ఇది మీదేనా అమ్మా? దయచేసి తీసుకోండి" అని బతిమాలాడు. నేను అప్పటికే బల్లుల్ని తోక పట్టుకుని అవతల పారేస్తున్నాను, ఆ భయం నాకు వద్దన్నాను. మా అమ్మ శెనక్కాయలు ఒలుచుకు తింటూ అందర్నీ చూసి కాదు, కాదు అని తలూపింది. మధ్యమధ్య నవ్వింది కూడా. ఆ నవ్వు ఎందుకో చెప్పబోయి, చేతులు సగం లేపి, నన్ను చూసి దించేసేది.

చివరికి బస్సు కండక్టరు ఒక కబురు తెచ్చాడు. "పుంగనూరు సంతలో గోవిందప్పని ఎద్దుల దళారి ఉండాడమ్మా. ఆయప్ప సేతులు ఈ మద్దెన పిచ్చిపట్టినట్ల ఆడతాండాయంట. నీ దగ్గిర ఇంగ్లీసు కొనుక్కున్నాడంట గదా?"

మరుసటి సంతకు అమ్మనూ ఆయన్నూ వెంటబెట్టుకుని పుంగనూరు పోయాను. బస్సులో కండక్టరు మా జోలికి రాకుండా కట్టడి చేశాను. 

పశువుల సంతలో బేరం నోటితో ఆడరు. అమ్మేవాడూ కొనేవాడూ చేతులు కలిపి పైన తువ్వాలు కప్పుకుంటారు. లోపల వేళ్ళు పట్టుకుని ధర చెప్పుకుంటారు. చుట్టూ వందమంది ఉన్నా ఎంతకు తెగిందో మూడో మనిషికి తెలియదు. గోవిందప్ప ఆ పనిలో ఇరవై ఊళ్ళకు పేరున్నవాడు. మేం పోయేసరికి ఆయన ఒక చింతచెట్టు నీడలో ఒంటరిగా కూర్చుని ఉన్నాడు. నలుగురు దళారులు దూరంగా నిలబడి ఆయన్ను తిడుతున్నారు. ఆయన చేతులు తువ్వాలు కింద నిలవడం లేదు. బయటికి దూకి గాల్లో ధర చెప్పేస్తున్నాయి. ఎద్దు ఎంత ముసలిదో, అమ్మేవాడు ఎంత పిసినారో, అది కూడా చెప్పేస్తున్నాయి. వేళ్ళ లెక్కా, వెక్కిరింపూ సంతలో ఎవరికి తెలియవు, అంతా బట్టబయలు. మీసాలు జారవేసుకుని గడ్డిపరక నములుతున్నాడు పాపం.

మా అమ్మ ఆయన్ను చూసి, అలవాటు చొప్పున, ఒక చెయ్యి తిప్పింది. ఏమిటయ్యా సంగతి అన్నట్టు.

గోవిందప్ప చెయ్యి లేచి జవాబు చెప్పింది.

అమ్మ సంచి జారవిడిచింది. రెండు చేతులూ లేచాయి. ఆయనవీ లేచాయి. ఇంక ఆగలేదు. అన్నాళ్ళూ ఒళ్ళో పడి ఉన్న మాటలన్నీ ఒకదాని మీద ఒకటి పడి వస్తున్నాయి. అమ్మ ఏడుస్తూ నవ్వుతోంది. ఆయన తొడ చరుచుకుంటున్నాడు. నేను దారిన పోయే దానిలాగా పక్కన నిలబడ్డాను. నాకు ఒళ్ళు మండిపోయింది. ఊరూ పేరూ తెలియని ఎద్దుల దళారితో మా అమ్మ నా ఎదుటే నా భాషలో ముచ్చట్లాడుతోంది!

"సాల్లేప్పా," అన్నాను. "మా యమ్మ ఏం సెప్పేదానికి వచ్చిందో అది సెప్పు ముందర."

"సైకిలు కావాలంటమ్మా."

"ఏందీ?"

"సైకిలు తొక్కేది నేర్పీమంటాంది. మీ సేను దూరమంట గదా. ఏనుగులు దిగినాయని తెలిసి నడిసి పోయేలోపల సేను కాలీ అయితాందంట. సైకిలైతే వాయించేదానికి రేకుడబ్బా కట్టుకోని, గంట కొట్టుకుంటా బిరీన పోవచ్చునంట. మీ అంగట్లో సైకిలు సదువు అమ్ముతారని ఎవరో సెప్పినారంట." ఆయన అమ్మ చేతుల వంక ఇంకోసారి చూసి మీసం దువ్వాడు. "కూతురంగడి గదా, కొసరు బాగా ఎయ్యమంటాంది."

మా ఆయన మజ్జిగ, విసుర్రాయి, ఏనుగు అంటూ తనలో తాను గొణుక్కున్నాడు. నాకు నవ్వు రాలేదు.

"ఇంగొకటమ్మా," అన్నాడు గోవిందప్ప. "నీ మాట వచ్చినప్పుడల్లా ఒక గుర్తు ఎస్తాంది. అది నీ పేరు."

"నా పేరు జయమ్మ గదా?"

"అది నోటితో పిలిసే పేరు. ఇది ఏరే. ఇదో, ఇట్ల..." అని చెయ్యి ఎత్తబోయాడు. మా అమ్మ చటుక్కున ఆ చెయ్యి పట్టుకుని కిందికి దించేసింది. ఆయన నాలుక కరుచుకున్నాడు. 

గోవిందప్పను మదనపల్లెకు రమ్మని అడగాల్సిన పని లేకపోయింది. చేతులు కట్టుబడితే చాలు, ఎక్కడికైనా వస్తానన్నాడు. అంగట్లో ఇన్స్పెక్టరు యంత్రానికి అప్పటికే గోనెపట్టా చుడుతున్నాడు. విప్పించాం. హార్మోనియం డబ్బాలో అడుగున కొంచెం ఉంటే అది తగిలించాడు. నేను పలక మీద చెయ్యి పెట్టాను. గోవిందప్ప పిడి పట్టుకుని, దాని మీద తన తువ్వాలు కప్పాడు.

"తువ్వాలెందుకు?" అన్నాడు ఇన్స్పెక్టరు.

"అది లేకుండా నా సెయ్యి ఏదీ ఇయ్యదు సామీ."

టింగుమంది. నాకు హార్మోనియం కొంచెం వచ్చింది. నేను చెయ్యి తియ్యలేదు.

"కొసరు ఎయ్యప్పా."

పుట్టి బుద్ధెరిగాక ఆయన ఎవరికీ కొసరు వెయ్యలేదట. నుదురంతా చెమట పట్టింది. కళ్ళు మూసుకుని పిడి నొక్కాడు. నా చేతిలో చీమ పాకింది. ఆశగా అమ్మ వైపు తిరిగాను. అమ్మ చేతులు కదిలించింది. చేతులే. అమ్మ నవ్వబోయింది, ఆ నోట్లో పళ్ళు చూసి, "ఇంగా పదేండ్లు దున్నుకోవచ్చు" అన్నాను. నా నోట్లోంచి ఆ మాట ఎట్లా వచ్చిందో నాకే తెలియలేదు. గోవిందప్ప ఎదురుగా వీధిలో పోతున్న ఎద్దుబండిని చూసి, "అదేం జంతువు?" అన్నాడు.

"ఇంగొకసారి," అన్నాను.

ఈసారి పొగాకు మడిచే పద్ధతి వచ్చింది. మరోసారి. పుంగనూరు నుంచి చౌడేపల్లెకు అడ్డదారి వచ్చింది. గోవిందప్ప పిడి మీదనుంచి చెయ్యి తీసేశాడు. "తల్లీ, నాది నాకు లేకుండా పోతాండాది."

"కొసరు ఏరి ఇవ్వడం కుదరదమ్మా," అన్నాడు ఇన్స్పెక్టరు. "చేతికి ఏది వస్తే అది పోతుంది."

"ఇంగొక్కసారప్పా, ఒక్కసారి," అన్నాను. నాకు ఆయన కనపడటం లేదు, ఆయనలో ఎక్కడో అడుగున ఉన్న మా అమ్మ మాట మాత్రమే కనపడుతోంది. ఆయనా మంచివాడు, మళ్ళీ పిడి మీద చెయ్యి వేశాడు. అప్పుడు మా అమ్మ వచ్చింది. తువ్వాలు తీసి ఆయన భుజాన వేసింది. పిడి మీదనుంచి ఆయన వేళ్ళు ఒక్కొక్కటే విడదీసింది. తర్వాత పలక మీదనుంచి నా చెయ్యి తీసింది.

ఇన్స్పెక్టరుకు జాలి వేసినట్టుంది. "పెద్దావిడకు సైకిలు డబ్బా ఉచితంగా ఇస్తాను, చెయ్యి పెట్టమనండి," అన్నాడు. అమ్మ ఆ రాగిపలకను చూసింది. నన్ను చూసింది. రెండు చేతులూ పైటలోపల దాచేసుకుంది. నోరు తీసుకుపోయి ఎవరైనా యంత్రంలో పెడతారా?

గుర్రం యంత్రాన్ని మోసుకుని పోయింది. మా ఆయనకు ఏదో ఒక ఇనుము చేతిలో ఉంటే తప్ప తోచదు. నెల తిరక్కుండా అదే అంగట్లో అద్దె సైకిళ్ళు పెట్టాడు. గోవిందప్పకు పశువుల విద్య పోయింది, పోతే పోయిందని సంతలో ధర దాచకుండా చెప్పే దళారిగా కొత్త పేరు తెచ్చుకున్నాడు. ఎద్దును చూడకుండా మనిషిని చూసి ధర చెప్పేవాడు. కొన్నవాళ్ళు దండం పెట్టేవాళ్ళు. పళ్ళు చూడాల్సి వస్తే నాకు కబురు పెట్టేవాడు.

యంత్రం పోయిన మర్నాడు పొద్దున్నే అమ్మ నన్ను పెరట్లో కూర్చోబెట్టింది. నా వయసు ముప్పై దాటింది. చెంబు చూపించి ఒక గుర్తు చేసింది. చెయ్యమంది. చేశాను. నీళ్ళు చూపించింది, చేశాను. ముక్కు పట్టుకుంటే మా పిసినారి మేనత్త. చెవుల దగ్గర అరచేతులు ఊపితే ఏనుగు. అదే ఒక చెవి దగ్గర ఊపితే మా ఆయన. తప్పు చేస్తే మెటికల మీద ఒక్కటి అంటించేది. నాకు కోపం వచ్చి లేచిపోయేదాన్ని. కొంగు పట్టుకుని లాగి కూర్చోబెట్టేది. పావుసేరు లేదు, గంట లేదు. నిన్న నేర్చుకున్నది ఇవాళ మరిచిపోయి, ఇవాళ్టిది రేపటికి తప్పుగా వచ్చి, నాకు నా మీదే అసహ్యం వేసేది. అమ్మకు మాత్రం విసుగు లేదు. ఒకసారి నేర్పిన బిడ్డే కదా అన్నట్టు మళ్ళీ మొదలుపెట్టేది.

అందరి పేర్లూ నేర్పింది. నా పేరేందమ్మా అంటే మాత్రం రేపు అనేది. 

సాయంత్రాలు నా వంతు. సంత మైదానంలో సీటు పట్టుకుని నేను పరిగెత్తేదాన్ని, అమ్మ చీర గోచీపోసి సైకిలెక్కేది. రెండు రోజుల్లోనే కాళ్ళు కుదిరాయి. ఆమె కష్టం వేరు. సైకిలు మీద ఉన్నంతసేపూ చేతులు హాండిలు మీద ఉండాలి, అంటే నోరు మూసుకోవాలి. అది మా అమ్మ వల్ల అయ్యే పని కాదు. నన్ను తిట్టాలనిపించగానే రెండు చేతులూ వదిలేసేది. తిట్టు సగంలో ఉండగానే కింద పడేది. పడి, కూర్చుని, మిగతా సగం పూర్తి చేసేది. ఆ మిగతా సగం నాకు అర్థమైన రోజు నేను కూడా ఆమె పక్కనే దుమ్ములో కూర్చుని ఏడ్చాను. నన్ను చేతగాని గాడిద అంది. అంత తీపి మాట నేను వినలేదు.

ఆ ఏడు రాగులు కంకి పట్టే వేళకు సైకిలును బస్సు మీద వేసి అమ్మను ఊరికి దిగబెట్టడానికి పోయాను. కుప్పంలో దించుకుని, అక్కడినుంచి ఆమె తొక్కితే నేను వెనక కూర్చున్నాను. మర్నాడు తెల్లారకముందే ఎవరో కేకేశారు, ఏనుగులు అడివి దిగినాయని. అమ్మ హాండిలుకు రేకుడబ్బా కట్టుకుంది. నేను వస్తానంటే వద్దంది, బరువు అంది. గుమ్మంలో నిలబడ్డాను. నిజం చెప్పొద్దూ, భయమేసింది. ఆ చేతులు నాకు మళ్ళీ అందకుండా పోతాయేమోనని.

బాట మలుపు దగ్గర టింగుమని గంట మోగించింది. పోతున్నానని చెప్పడం అది. ఇంక లోపలికి పొమ్మని. నేను కదల్లేదు. మలుపు తిరగబోతూ అమ్మ వెనక్కి చూసి, హాండిలు మీదనుంచి ఒక చెయ్యి ఎత్తింది. సైకిలు కొంచెం ఊగింది కానీ పడలేదు. వేలితో నన్ను చూపించింది. ఆ తర్వాత గుప్పిట మూసి, నా వైపు విప్పి విసిరింది, గుప్పిట్లో ఉన్నదంతా కొసరు వేసేసినట్టు.

అది నా పేరు.